జీరో అవర్‌కి ఫ్యాన్ మోడ్ ఎక్కించి, నలుగురూ లాన్‌లో ఆడుకోవడం ఎలా? విశాఖ ప్లేయర్ల కోసం సమగ్ర మార్గదర్శి

గాజువాక నుంచీ మధురవాడ నుంచీ ఒకే ప్రశ్న మళ్ళీ మళ్ళీ వస్తోంది: "మోడ్ నా సిస్టంలో బాగానే ఆడుతోంది, నలుగురం కలిస్తే మాత్రం పదో నిమిషంలో మిస్‌మ్యాచ్ అని ఆగిపోతోంది, ఏం చేయాలి?" సమాధానం ఆ పదో నిమిషంలో దొరకదు. ఆట ఇన్‌స్టాల్ చేసిన రోజే ఎక్కడో తేడా పడి ఉంటుంది. అందుకే ఈ గైడ్‌లో సగం మోడ్ ముట్టుకోకముందు చేయాల్సిన పనులే.

ఇక్కడ చెప్పేదంతా 2003లో వచ్చిన కంప్యూటర్ యుద్ధవ్యూహ ఆట కమాండ్ అండ్ కాంకర్ జనరల్స్, దాని ఎక్స్‌పాన్షన్ (అదనపు భాగం) జీరో అవర్ గురించి. మోడ్ అంటే అభిమానులు ఆటని మార్చి చేసిన వెర్షన్. లాన్ అంటే ఒకే చోట ఉన్న సిస్టంలని కలిపే నెట్‌వర్క్. మిస్‌మ్యాచ్ అంటే సిస్టంల లెక్కలు ఒకదానితో ఒకటి కలవక మ్యాచ్ ఆగిపోవడం. ఫైల్ పేర్లు, సెట్టింగ్ పేర్లు తెలుగు లిపిలో రాశాం. మీ సిస్టంలో అవి ఇంగ్లీషు అక్షరాల్లో ఉంటాయి. మీరు టైప్ చేసేటప్పుడూ ఇంగ్లీషులోనే చేయాలి.

1. ఏ మోడ్? ముందు అదొక్కటి తేల్చుకోండి

నలుగురూ కలిసి ఆడాలంటే నలుగురూ ఒకే మోడ్, ఒకే వెర్షన్ మీద ఉండాలి. కాబట్టి డౌన్‌లోడ్ మొదలుపెట్టే ముందే మాట అనుకోండి.

షాక్‌వేవ్: అసలు ఆట రుచి పోకుండా, ఆటలో మనం ఎంచుకునే సేనానుల (జనరల్స్) మధ్య తేడాలు పెంచిన మోడ్. మొదటిసారి మోడ్ ఆడేవాళ్ళకి ఇదే సరైన మెట్టు.

రైజ్ ఆఫ్ ద రెడ్స్: రష్యా, యూరోపియన్ కాంటినెంటల్ అలయన్స్ అనే రెండు కొత్త పక్షాలు ఉంటాయి. నేర్చుకోవడానికి టైం పడుతుంది.

కాంట్రా: యూనిట్లు, అప్‌గ్రేడ్లు, ఎఫెక్టులు అన్నీ ఎక్కువే. పాత ల్యాప్‌టాప్ మీద ఎనిమిది మంది మ్యాచ్ పెడితే నత్తనడక తప్పదు.

కుర్సురా సబ్‌మెరైన్ ముందు ఫొటో దిగి పెరిగిన ఊరు కదా, "నేవీ ఎక్కడ?" అని అడగనివాళ్ళుండరు. జీరో అవర్‌లో ఓడలు కట్టుకునే ఏర్పాటు లేదు. క్యాంపెయిన్ మిషన్లలో కనిపించే ఓడలు స్క్రిప్ట్ ప్రకారం నడిచేవి. నౌకాయుద్ధం కోసమే మోడ్ వెతికేవాళ్ళకి ఇది సరైన ఆట కాదు.

2. పునాది: ఆట శుభ్రంగా ఉందా?

మోడ్ గొడవల్లో ఎక్కువ భాగం మోడ్‌వి కావు, కింద ఉన్న ఆటవి. ఈ లిస్టు పూర్తయ్యేదాకా ముందుకు వెళ్ళకండి.

☐ జనరల్స్, జీరో అవర్ రెండూ ఇన్‌స్టాల్ అయి ఉండాలి. జీరో అవర్ ఒంటరిగా నిలబడదు, జనరల్స్ ఫైళ్ళు కూడా చదువుకుంటుంది.

☐ జీరో అవర్ వెర్షన్ 1.04, జనరల్స్ వెర్షన్ 1.08. స్టీమ్‌లో అల్టిమేట్ కలెక్షన్ కొన్నవాళ్ళకి ఇవి ముందే ఉంటాయి. పాత సీడీ వాళ్ళు ప్యాచ్ వేసుకోవాలి.

☐ ఇన్‌స్టాల్ చేసే చోటు ప్రోగ్రామ్ ఫైల్స్ కాకూడదు. డీ డ్రైవ్‌లో గేమ్స్ అని ఒక ఫోల్డర్ పెట్టుకోండి. ప్రోగ్రామ్ ఫైల్స్‌లో పాత ప్రోగ్రాములు ఏదైనా రాయబోతే విండోస్ ఆ రాతని గుట్టుగా వేరే చోటికి మళ్ళిస్తుంది. మీరు మార్చిన ఫైల్ ఒకటి, ఆట చదివే ఫైల్ ఇంకొకటి అవుతుంది.

☐ డ్రైవ్‌లో కనీసం 20 జీబీ ఖాళీ. డ్రైవ్ ఎన్‌టీఎఫ్‌ఎస్ ఫార్మాట్‌లో ఉండాలి.

☐ ప్రతి ప్లేయర్‌కీ సొంత ఒరిజినల్ కాపీ. ఇది నీతిబోధ కాదు. ఇద్దరి సీరియల్ నంబర్ ఒకటే అయితే లాన్‌లో ఆట రెండోవాడిని చేరనివ్వదు. కాపీ సరిగా లేదని ఆట పసిగడితే మ్యాచ్ మొదలైన అర నిమిషానికి మీ బేస్ మొత్తం దానంతటదే పేలిపోతుంది. "మోడ్‌లో బగ్ ఉంది" అనే ఫిర్యాదుల్లో ఇదీ ఒకటి. అది బగ్ కాదు, పైరసీకి పెట్టిన శిక్ష.

ఇంకొక తనిఖీ చాలామంది వదిలేస్తారు. జీరో అవర్ ఫోల్డర్‌లో డేటా, దాని లోపల ఐఎన్ఐ ఫోల్డర్ తెరవండి. అక్కడ ఐఎన్ఐజెడ్‌హెచ్.బిగ్ అనే ఫైల్ కనిపిస్తే దాన్ని తీసి వేరే డ్రైవ్‌లో దాచండి. అసలు ఐఎన్ఐజెడ్‌హెచ్.బిగ్ ఉండాల్సింది జీరో అవర్ ప్రధాన ఫోల్డర్‌లో. డిజిటల్ ఎడిషన్లలో పొరపాటున రెండోది కూడా వచ్చింది. మోడ్‌లు కూలడానికీ, మిస్‌మ్యాచ్‌కీ ఇది బాగా తెలిసిన కారణం.

జెన్‌ప్యాచర్ అనే ఫ్యాన్ టూల్ ఈ పనుల్లో చాలావాటిని ఒక్క బటన్‌తో చేస్తుంది. వాడండి, తప్పులేదు. కానీ ఒకరు వాడితే అందరూ వాడాలి, అదీ ఒకే వెర్షన్.

3. ఆప్షన్స్ ఫైల్: తెరవగానే కూలిపోకుండా

కొత్త విండోస్‌లో ఆట తెరవగానే టెక్నికల్ డిఫికల్టీస్ అనో సీరియస్ ఎర్రర్ అనో బాక్స్ వచ్చి మూసుకుపోతే, ముందుగా చూడాల్సింది ఆప్షన్స్.ఐఎన్ఐ. ఇది గేమ్ ఫోల్డర్‌లో ఉండదు. డాక్యుమెంట్స్‌లో "కమాండ్ అండ్ కాంకర్ జనరల్స్ జీరో అవర్ డేటా" అనే ఫోల్డర్‌లో ఉండాలి. లేకపోతే నోట్‌ప్యాడ్‌లో తయారు చేసి అక్కడ సేవ్ చేయండి.

అందులో ఒక్కో వరుసలో ఒక్కో సెట్టింగ్ ఉంటుంది. మనకి ముఖ్యమైనవి:

రిజల్యూషన్ = 1920 1080 (మధ్యలో ఖాళీ మాత్రమే, గుణకార గుర్తు పెట్టకూడదు)

హీట్‌ఎఫెక్ట్స్ = నో (ఆట మధ్యలో తెర నల్లబడే సమస్యకి మందు)

మ్యాక్స్‌పార్టికల్‌కౌంట్ = 1000 (పొగ, నిప్పురవ్వల లెక్క; నెమ్మదించే సిస్టంలో ఇంకా తగ్గించండి)

ఐపీఅడ్రస్ = లాన్‌లో మీ సిస్టం నంబర్ (7వ భాగంలో చూస్తాం)

రెండు పొరపాట్లు ఇక్కడ మామూలు. ఒకటి, ఫైల్ పేరు చివర విండోస్ గుట్టుగా టీఎక్స్‌టీ తగిలించడం. ఎక్స్‌ప్లోరర్ వ్యూ మెనూలో ఫైల్ ఎక్స్‌టెన్షన్లు కనిపించేలా పెట్టుకుంటే ఇది ఇక జరగదు. రెండు, వన్‌డ్రైవ్ మీ డాక్యుమెంట్స్ ఫోల్డర్‌ని తన కిందికి లాక్కోవడం. అప్పుడు డాక్యుమెంట్స్ రెండు కనిపిస్తాయి, మీరు ఒకదాంట్లో పెడతారు, ఆట ఇంకోదాంట్లో వెతుకుతుంది. వన్‌డ్రైవ్ సెట్టింగ్స్‌లో డాక్యుమెంట్స్ బ్యాకప్ ఆపేయండి.

ఇప్పుడు మోడ్ లేకుండా ఒక స్కిర్మిష్ (కంప్యూటర్ ప్లేయర్ మీద ఆడే మ్యాచ్) పావుగంట ఆడండి. అది సాఫీగా సాగితేనే తర్వాతి మెట్టు.

4. బిగ్ ఫైల్ నియమం (దీన్ని రెండుసార్లు చదవండి)

ఈ ఆటలో బొమ్మలు, శబ్దాలు, యూనిట్ల లెక్కలు అన్నీ డాట్ బిగ్ అనే మూటల్లో ఉంటాయి. మోడ్ అంటే సాధారణంగా అలాంటి మరికొన్ని మూటలే. ఒకే పేరున్న ఫైల్ రెండు మూటల్లో ఉంటే ఆట ఏది తీసుకుంటుంది? మొత్తం కిటుకు ఇక్కడే ఉంది.

మూటలని ఆట అక్షర క్రమంలో చదువుతుంది. ముందు చదివిన దానిదే చెల్లుబాటు. అక్షర క్రమంలో ఆశ్చర్యార్థకం (!) అక్షరాలన్నిటికన్నా ముందు వస్తుంది. అందుకే మోడ్ మూటల పేర్లు ఎక్కువగా ఆ గుర్తుతో మొదలవుతాయి. అందంగా లేదని ఆ గుర్తు తీసేసి పేరు మార్చారంటే మోడ్ పనిచేయదు, లేదా సగమే పనిచేస్తుంది. ఆ సగమే ఎక్కువ ప్రమాదం.

మూటల్లో కాకుండా ఫోల్డర్‌లో విడిగా పడి ఉన్న ఫైల్ ఉంటే, అది అన్ని మూటలనీ మించిపోతుంది.

గేమ్ ఫోల్డర్ లోపలి ఉపఫోల్డర్లలో ఉన్న మూటలని కూడా ఆట వదలదు. "బ్యాకప్" అని ఫోల్డర్ చేసి అందులో పాత మోడ్ దాచుకున్నారా? అది దాక్కోలేదు, లోడ్ అవుతోంది. బ్యాకప్ ఎప్పుడూ గేమ్ ఫోల్డర్ బయట పెట్టండి.

జనరల్స్ ఫోల్డర్‌లోని మూటలు కూడా జీరో అవర్‌లోకి వస్తాయి. ఎప్పుడో జనరల్స్‌కి వేసిన మోడ్ అక్కడే మిగిలి ఉంటే ఇప్పుడు జీరో అవర్‌ని తినేస్తుంది. స్టీమ్ కాపీలో ఆ జనరల్స్ ఫైళ్ళు జీరో అవర్ లోపలే జెడ్‌హెచ్_జనరల్స్ అనే ఫోల్డర్‌లో ఉంటాయి. అదీ ఒకసారి చూడండి.

ఇంత చెప్పాక వేరే చెప్పక్కర్లేదు గానీ, ఒక ఒరలో రెండు కత్తులు ఇమడవు. ఒకే ఫోల్డర్‌లో షాక్‌వేవ్, కాంట్రా రెండూ పెడితే ఒకదాని ట్యాంకుకి ఇంకోదాని తుపాకీ తగులుకుని మెనూ కూడా రాకుండా కూలుతుంది.

5. మోడ్ ఎక్కించే వరుస

రెండు దారులున్నాయి. స్టీమ్ కాపీ ఉన్నవాళ్ళు జెన్‌లాంచర్ అనే ఫ్యాన్ టూల్ వాడండి. అది మోడ్‌లని విడివిడిగా ఉంచి, మీరు ఎంచుకున్నదాన్ని మాత్రమే ఆటకి చూపిస్తుంది. ఆట మూసేశాక పాత స్థితికి తెస్తుంది. సీడీ కాపీ ఉన్నవాళ్ళు చేత్తోనే చేసుకోవచ్చు. ఒక్కో మోడ్‌కి జీరో అవర్ ఫోల్డర్ నకలు ఒక్కొక్కటి. చోటు ఎక్కువ తింటుంది, నిజమే. కానీ గొడవ తక్కువ. కాంట్రా లాంటి కొన్ని మోడ్‌లకి సొంత లాంచర్ వస్తుంది, అది ఉంటే అదే వాడండి.

చేత్తో చేసే వరుస ఇది:

1) మోడ్‌ని మోడ్‌డీబీ అనే వెబ్‌సైట్‌లో దాని అధికారిక పేజీ నుంచే దించుకోండి. దించుకున్న ఫైల్ మారలేదని సరిచూసుకోవడానికి పేజీలో ఎండీ5 అనే పొడవైన సంఖ్య ఉంటుంది, దాన్ని రాసి పెట్టుకోండి.

2) శుభ్రమైన జీరో అవర్ ఫోల్డర్‌ని నకలు తీసి, మోడ్ పేరు, వెర్షన్ కలిపి పేరు పెట్టండి.

3) మోడ్ జిప్ ఫైల్‌ని ముందు ఒక ఖాళీ ఫోల్డర్‌లో విప్పండి. నేరుగా ఆటలోకి విప్పకండి. విప్పాక ఫోల్డర్‌లో ఇంకో ఫోల్డర్, దాంట్లో మూటలు అన్నట్టు ఉంటే, లోపలి సరుకు మాత్రమే తీసుకోవాలి.

4) మూటలని జీరో అవర్ నకలు ఫోల్డర్‌లోకి వేయండి. జనరల్స్ ఫోల్డర్‌లోకి కాదు.

5) డేటా ఫోల్డర్‌లో స్క్రిప్ట్స్ అనే ఫోల్డర్ ఉంటుంది. కంప్యూటర్ ప్లేయర్ ఎలా ఆడాలో చెప్పే స్కిర్మిష్‌స్క్రిప్ట్స్.ఎస్‌సీబీ, మల్టీప్లేయర్‌స్క్రిప్ట్స్.ఎస్‌సీబీ అందులోనే విడి ఫైళ్ళుగా ఉంటాయి. విడి ఫైల్ మూటని మించుతుందని అనుకున్నాం కదా. మోడ్ తన స్క్రిప్టులని మూటలో తెస్తే పాతవే గెలుస్తాయి, కంప్యూటర్ ప్లేయర్ బేస్ కట్టకుండా దిష్టిబొమ్మలా నిలబడుతుంది. మోడ్‌తో వచ్చే రీడ్‌మీ (సూచనల ఫైల్) ఏం చెబుతోందో చూసి, ఈ ఫోల్డర్ పేరు మార్చండి లేదా మోడ్ ఇచ్చిన ఫైళ్ళు అందులో వేయండి. లాంచర్ వాడేవాళ్ళకి ఆ పని లాంచరే చేస్తుంది.

6) మోడ్‌తో ఇన్‌స్టాల్_ఫైనల్.బీఎంపీ వస్తే దాన్నీ వేయండి. ఆట తెరుచుకునేటప్పుడు కనిపించే బొమ్మ అదే. ఏ మోడ్ తెరుస్తున్నారో ఆ బొమ్మ చూస్తేనే తెలుస్తుంది.

7) కొత్త షార్ట్‌కట్ చేసుకోండి. టార్గెట్ చివర ఒక ఖాళీ వదిలి, మైనస్ గుర్తుతో క్విక్‌స్టార్ట్ అని చేరిస్తే మొదటి వీడియోలు తప్పుతాయి. పరీక్షల కోసం మైనస్ విన్ చేరిస్తే ఆట విండోలో తెరుచుకుంటుంది.

యాంటీవైరస్ విషయం. జెన్‌టూల్ లాంటి ఫ్యాన్ టూల్స్ డీ3డీ8.డీఎల్ఎల్ అనే ఫైల్‌ని గేమ్ ఫోల్డర్‌లో పెడతాయి, యాంటీవైరస్ దాన్ని అనుమానించి మాయం చేస్తుంది. ఎండీ5 సరిపోతే ఆ ఒక్క ఫోల్డర్‌కి మినహాయింపు ఇవ్వండి. సరిపోకపోతే యాంటీవైరస్ మాటే వినండి.

6. ఒంటరి పరీక్ష

నలుగురినీ పిలిచి భోజనాలయ్యాక ఇన్‌స్టాల్ మొదలుపెట్టే అలవాటు మానుకోవాలి. ముందురోజే ఎవరింట్లో వాళ్ళు ఇది చేసేయాలి:

☐ మెనూ వచ్చింది, మోడ్ పేరు, వెర్షన్ కనిపిస్తున్నాయి

☐ యూనిట్ పేర్ల చోట మిస్సింగ్ అనే మాట రావడం లేదు (వస్తే భాషకి సంబంధించిన ఫైల్ రాలేదని అర్థం)

☐ గులాబీ రంగు ట్యాంకులు, భవనాలు లేవు (ఉంటే టెక్స్‌చర్ల మూట రాలేదు)

☐ కంప్యూటర్ ప్లేయర్ మొదటి మూడు నిమిషాల్లో భవనాలు కడుతోంది

☐ 20 నిమిషాల స్కిర్మిష్ కూలకుండా సాగింది

ఇది 32 బిట్ ఆట. పెద్ద మోడ్‌తో, పెద్ద మ్యాప్ మీద అరగంట దాటాక మెమరీ చాలక కూలితే 4 జీబీ ప్యాచ్ పనికొస్తుంది. సీడీ కాపీలో అది వేయాల్సింది జనరల్స్.ఈఎక్స్‌ఈ మీద కాదు, గేమ్.డాట్ (చుక్క తర్వాత డీఏటీ) అనే ఫైల్ మీద. మొదటిది తలుపు మాత్రమే, ఇల్లు రెండోది. వేస్తే నలుగురి సిస్టంలోనూ వేయండి.

7. లాన్: నలుగురూ ఒకే గదిలో

ముందు ఆట ఎలా నడుస్తుందో తెలియాలి. నెట్‌వర్క్ మీద ట్యాంకుల స్థానాలు వెళ్ళవు. "ఈ ట్యాంకు అక్కడికి" అనే ఆజ్ఞలు మాత్రమే వెళ్తాయి. యుద్ధాన్ని ప్రతి సిస్టమూ తనంతట తానే లెక్కగడుతుంది, అన్ని లెక్కలూ అచ్చం ఒకేలా రావాలి. ఒకరి ఫైల్‌లో ట్యాంకు ధర ఒక డాలర్ తేడా ఉన్నా, ఆ ట్యాంకు కట్టిన క్షణం నుంచి లెక్కలు విడిపోతాయి. అదే మిస్‌మ్యాచ్. దానికి నెట్ స్పీడ్‌తో సంబంధం లేదు, రౌటర్ మారిస్తే పోదు.

కొన్ని తేడాలని లాబీలోనే (మ్యాచ్‌కి ముందు అందరూ చేరే తెర) పట్టుకుని ఆట చేరనివ్వదు. అది అదృష్టం. మిగతావి మ్యాచ్ మధ్యలో బయటపడతాయి.

*ఫైళ్ళు ఒకటేనని తేల్చడం.* ఒక్కరు శుభ్రంగా తయారు చేసి, అదే మోడ్ జిప్‌ని మిగతా ముగ్గురికీ ఇవ్వడం మేలు. పెన్‌డ్రైవ్ ఎక్స్‌ఫ్యాట్‌లో ఉండాలి. ఫ్యాట్32 అయితే 4 జీబీ దాటిన ఫైల్ ఎక్కదు. తర్వాత 7-జిప్ ఉన్న సిస్టంలో మోడ్ మూటల మీద రైట్ క్లిక్ చేసి సీఆర్‌సీ ఎస్‌హెచ్‌ఏ మెనూలో ఎస్‌హెచ్‌ఏ-256 ఎంచుకోండి. వచ్చిన సంఖ్య మొదటి ఆరు, చివరి ఆరు అక్షరాలు ఒకరు గట్టిగా చదవాలి, మిగతావాళ్ళు సరిచూసుకోవాలి. ఐఎన్ఐజెడ్‌హెచ్.బిగ్, స్క్రిప్ట్స్ ఫోల్డర్‌లోని ఎస్‌సీబీ ఫైళ్ళు, గేమ్.డాట్ కూడా ఇలాగే చూడాలి. పది నిమిషాల పని, రాత్రంతా గొడవ తప్పుతుంది.

*తీగ.* వైఫై కన్నా తీగే మంచిది. 8 పోర్టుల గిగాబిట్ స్విచ్ ఒకటి, క్యాట్ 5ఈ లేదా క్యాట్ 6 కేబుళ్ళు చాలు. ద్వారకానగర్ కంప్యూటర్ షాపుల్లో కావలసిన పొడవు కోసి క్రింపింగ్ చేసిస్తారు. 3 మీటర్లు అనుకుంటే 5 తీసుకోండి, బల్ల చుట్టూ తిరిగేసరికి చాలదు. హాస్టల్, పీజీ వైఫైల్లో ఒక సిస్టం ఇంకో సిస్టంని చూడకుండా రౌటర్‌లో ఐసోలేషన్ పెట్టి ఉంచుతారు. అక్కడ నెట్ బ్రహ్మాండంగా వస్తుంది గానీ లాబీలో ఒక్క పేరూ కనిపించదు.

*నంబర్లు.* స్విచ్ మాత్రమే ఉండి రౌటర్ లేకపోతే ఐపీలు చేత్తో ఇవ్వండి: 192.168.1.11, 12, 13, 14. సబ్‌నెట్ మాస్క్ అందరికీ 255.255.255.0. ఆటలో ఆప్షన్స్ తెరిచి ఐపీ జాబితాలో అదే నంబర్ ఎంచుకోవాలి. సిస్టంలో వీపీఎన్, వర్చువల్ మెషీన్ సాఫ్ట్‌వేర్ ఉంటే ఆట తరచూ వాటి నంబర్ పట్టుకుంటుంది. లాబీ ఖాళీగా ఉండటానికి అన్నిటికన్నా పెద్ద కారణం ఇదే.

*ఫైర్‌వాల్.* పూర్తిగా ఆపేయొద్దు. నెట్‌వర్క్‌ని ప్రైవేట్‌గా మార్చి, ఇన్‌బౌండ్ రూల్‌లో యూడీపీ పోర్టులు 8086, 8088 తెరవండి. మొదటిది లాబీకి, రెండోది ఆటకి.

*కరెంటు.* ల్యాప్‌టాప్‌లకి బ్యాటరీ ఉంటుంది, స్విచ్‌కి ఉండదు. గాలివాన రోజుల్లో కరెంటు ఒక్క క్షణం పోయొచ్చినా స్విచ్ రీస్టార్ట్ అవుతుంది, అందరి తెర మీదా డిస్‌కనెక్ట్ మెనూ వస్తుంది. స్విచ్‌ని ఇన్వర్టర్ లైన్ మీదో చిన్న యూపీఎస్ మీదో పెట్టండి.

*వేగం.* అందరి లెక్కలూ ఒకే అడుగు మీద నడవాలి కాబట్టి, నలుగురిలో అతి నెమ్మదైన సిస్టం వేగమే మొత్తం మ్యాచ్ వేగం. పాత ల్యాప్‌టాప్ ఉంటే కంప్యూటర్ ప్లేయర్లని రెండుకి మించి పెట్టకండి, మ్యాప్ నలుగురిది తీసుకోండి, సూపర్‌వెపన్ల పరిమితి ఆన్ చేయండి.

వేరువేరు ఇళ్ళ నుంచి ఆడాలంటే: ఇళ్ళకొచ్చే ఫైబర్ కనెక్షన్లలో చాలావాటికి సొంత పబ్లిక్ ఐపీ ఉండదు, పోర్ట్ ఫార్వార్డింగ్‌తో కుస్తీ పట్టి లాభం లేదు. రాడ్మిన్ వీపీఎన్ లాంటిది అందరూ వేసుకుని ఒకే నెట్‌వర్క్‌లో చేరండి. ఆప్షన్స్‌లో ఈసారి 26తో మొదలయ్యే ఐపీని ఎంచుకోండి. ఇంటి ఐపీని కాదు.

8. లక్షణం చూసి మందు

ఏ మందైనా వేసేముందు ఒక పని. ఆట సీరియస్ ఎర్రర్‌తో కూలితే డాక్యుమెంట్స్‌లోని జీరో అవర్ డేటా ఫోల్డర్‌లో రిలీజ్‌క్రాష్‌ఇన్ఫో.టీఎక్స్‌టీ అనే ఫైల్ ఉంటుంది. దాన్ని నోట్‌ప్యాడ్‌లో తెరవండి. ఎర్రర్ పార్సింగ్ ఐఎన్ఐ ఫైల్ అని ఉంటే, ఏ ఫైల్, ఏ వరుస అన్నది పక్కనే రాసి ఉంటుంది. తెర మీద వచ్చే బాక్స్ వైరస్ అనో వేడి అనో ఊరికే బెదిరిస్తుంది. అసలు సంగతి ఈ ఫైల్‌లో ఉంటుంది.

మెనూ రాకముందే కూలడం: రెండు మోడ్‌ల మూటలు కలిశాయి, లేదా రెండో ఐఎన్ఐజెడ్‌హెచ్.బిగ్ ఉంది, లేదా ఆప్షన్స్ ఫైల్ లేదు. ఈ వరుసలోనే చూడండి.

ఆట తెరుచుకుంది గానీ మోడ్ ఆనవాలే లేదు: మూటలు తప్పు ఫోల్డర్‌లో పడ్డాయి, లేదా షార్ట్‌కట్ పాత ఫోల్డర్‌నే తెరుస్తోంది. రెండోదే ఎక్కువసార్లు.

ప్రతిసారీ ఒకే నిమిషం దగ్గర మిస్‌మ్యాచ్: ఏదో ఒక యూనిట్ లెక్క తేడా. ఫైళ్ళు సరిచూడండి.

ఒక్కరికే ఎప్పుడూ మిస్‌మ్యాచ్: ఆ సిస్టంలో ఎప్పుడో విడిగా పడేసిన ఐఎన్ఐ ఫైల్ ఉంది. వెతుక్కుంటూ కూర్చోకుండా గేమ్ ఫోల్డర్ మొత్తం తీసేసి మళ్ళీ ఇన్‌స్టాల్ చేయడమే త్వరగా తెమిలే పని.

ఒక్కోసారి ఒక్కోచోట కూలడం, వేరే ఆటలూ కూలడం: ఇది మోడ్ కాదు, యంత్రం. బీచ్ రోడ్డు, లాసన్స్ బే వైపు ఇళ్ళలో ఉప్పుగాలికి ర్యామ్ పిన్నులు మసకబారతాయి. సిస్టం ఆపి, ప్లగ్ తీసి, ర్యామ్ బయటికి లాగి పిన్నులని పెన్సిల్ రబ్బరుతో మెల్లగా రుద్ది, పొడి దులిపి మళ్ళీ పెట్టండి. తర్వాత విండోస్ మెమరీ డయాగ్నొస్టిక్ ఒకసారి నడపండి.

పాత రీప్లే, సేవ్ గేమ్ తెరుచుకోకపోవడం: అవి మోడ్ వెర్షన్‌కి కట్టుబడి ఉంటాయి. అప్‌డేట్ చేస్తే పాతవి పనిచేయవు. దాచుకోవాలనుకుంటే పాత ఫోల్డర్‌ని అలాగే ఉంచండి.

9. సొంత మార్పు: మూటలు విప్పకుండా ధర మార్చడం

"మా గ్యాంగ్‌కి బ్యాటిల్‌మాస్టర్ (చైనా ట్యాంకు) కాస్త చవగ్గా కావాలి" అంటే మొత్తం మోడ్ విప్పక్కర్లేదు. మ్యాప్.ఐఎన్ఐ అనే సులువు దారి ఉంది. ఆ ఒక్క మ్యాప్‌లోనే మార్పు పనిచేస్తుంది, మూటలు చెక్కుచెదరవు. పైగా లాన్ లాబీలో ఆ మ్యాప్ ఎంచుకుంటే మ్యాప్‌తో పాటు ఈ ఫైల్ కూడా మిగతావాళ్ళకి దానంతటదే వెళ్తుంది. మొదటి ప్రయోగానికి ఇంతకన్నా మంచిది లేదు.

1) జీరో అవర్ ఫోల్డర్‌లోని వరల్డ్‌బిల్డర్‌లో ఒక మ్యాప్ తెరిచి, కొత్త పేరుతో సేవ్ చేయండి. అది డాక్యుమెంట్స్‌లోని జీరో అవర్ డేటా, మ్యాప్స్ ఫోల్డర్‌లోకి వెళ్తుంది.

2) ఆ మ్యాప్ ఫోల్డర్‌లోనే నోట్‌ప్యాడ్‌తో మ్యాప్.ఐఎన్ఐ చేయండి. సేవ్ చేసేటప్పుడు ఎన్‌కోడింగ్ యాన్సీ ఎంచుకోండి.

3) మూడు వరుసలు చాలు (ఇంగ్లీషు అక్షరాల్లో, పేర్ల మధ్య ఖాళీ లేకుండా):

ఆబ్జెక్ట్ చైనాట్యాంక్‌బ్యాటిల్‌మాస్టర్
బిల్డ్‌కాస్ట్ = 700
ఎండ్

అసలు ఆటలో దీని ధర 800. కట్టే టైం మార్చాలంటే బిల్డ్‌టైమ్ అనే వరుస చేర్చండి, లెక్క సెకన్లలో.

4) ఇది మామూలు చైనాకి మాత్రమే వర్తిస్తుంది. జీరో అవర్‌లో ఒక్కో జనరల్‌కి ఒక్కో నకలు ఉంటుంది. ట్యాంక్ జనరల్‌ది ట్యాంక్_ అనే ముందుమాటతో, న్యూక్ జనరల్‌ది న్యూక్_ అనే ముందుమాటతో మొదలవుతుంది. "మార్చినా మారలేదు" అనే ఫిర్యాదుకి తొంభైపాళ్ళు ఇదే కారణం. అందరికీ మార్చాలంటే అన్ని పేర్లకీ మూడేసి వరుసలు రాయాలి.

5) మోడ్‌లలో పేర్లు వేరుగా ఉండొచ్చు. ఫైనల్‌బిగ్ అనే టూల్‌తో మోడ్ మూట తెరిచి, డేటా, ఐఎన్ఐ, ఆబ్జెక్ట్ దారిలో ఉన్న ఫైళ్ళలో అసలు పేరు చూసుకోండి. చూడటమే. సేవ్ నొక్కారంటే మూట మారిపోతుంది, మీ ఎస్‌హెచ్‌ఏ-256 సంఖ్య మిగతావాళ్ళతో కలవదు.

ఎండ్ అనే మాట మరిచిపోతే మెనూ బాగానే వస్తుంది, ఆ మ్యాప్ లోడ్ అయ్యేటప్పుడు మాత్రం కూలుతుంది. ఒక్క మ్యాప్‌లోనే కూలుతోందంటే మోడ్‌ని తిట్టకుండా మ్యాప్.ఐఎన్ఐ తెరిచి చూడండి.

ప్రాణశక్తి లాంటివి మార్చడం దీనంత తేలిక కాదు. అవి యూనిట్ లోపలి మాడ్యూళ్ళలో ఉంటాయి. పాత మాడ్యూల్ స్థానంలో కొత్తది పెట్టాలంటే రీప్లేస్‌మాడ్యూల్ అనే ఆజ్ఞ వాడి, కొత్తదానికి కొత్త ట్యాగ్ పేరు ఇవ్వాలి. పాత ట్యాగే మళ్ళీ రాస్తే ఆట కూలుతుంది. ధరలతో నాలుగైదు మ్యాప్‌లు చేసి చేయి తిరిగాక దాని జోలికి వెళ్ళండి. అంతకన్నా లోతుకి దిగాలనుకునేవాళ్ళకి ఇప్పుడు దారి తెరిచే ఉంది. 2025 ఫిబ్రవరిలో ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ జనరల్స్, జీరో అవర్ సోర్స్ కోడ్‌ని జీపీఎల్ లైసెన్స్ కింద విడుదల చేసింది. ఏ ఆజ్ఞ ఏం చేస్తుందో, ఏ ఫైల్ ఏ వరుసలో చదువుతుందో ఊహించక్కర్లేకుండా నేరుగా అందులోనే చదువుకోవచ్చు.